గెట్టు తేల్చిన కొలతల సారు

మొన్న ఆదివారం పొద్దున గుమ్మంలో కొత్తిమీర కట్ట అందిస్తూ యాదమ్మ చెప్పింది.

"అన్నా, ఎరుకేనా? మన కొలతల సారు పోయిండంట. నిద్రలనే పాణం పోయిందంట. పున్నెమంతుడు."

యాదమ్మ వాళ్లది మా ఇంటికి ఎదురుగా, బాటకు అవతల, ఆకుకూరల మడి. తాతల నాటి నుంచీ ఆ నేల మీదే బతుకుతున్న కుటుంబం. మేము గుంటూరు వైపు నుంచి వచ్చినవాళ్లం. కాటేదాన్‌లో ఒక బిస్కెట్ల ఫ్యాక్టరీలో లెక్కలు చూస్తూ, శంషాబాద్‌కూ హిమాయత్ సాగర్‌కూ నడుమనున్న ఈ ఊళ్లో కాస్త జాగా కొనుక్కుని ఇల్లు కట్టుకున్నాను. కట్టి పదేళ్లు దాటినా ఊరికి మేమింకా 'ఆంధ్రా సారోళ్లమే'. ఆ మాటలో కోపమేమీ లేదు, గుర్తు కోసం అంటారంతే.

ఏ సారు అని నేను అడగలేదు. బడి సారు, బ్యాంకు సారు, కరెంటు సారు అని ఊరికి చాలామంది సార్లున్నారు గానీ కొలతల సారు ఒక్కడే. మండల సర్వేయరు. ఆయన పేరేమిటో మాకు ఇప్పటికీ తెలియదు. అడగాలని ఒక్కసారీ తోచలేదు. మా దగ్గరున్న పంచనామా మీద ఆయన సంతకం ఉంది గానీ అది కోడి కెలికినట్టుంటుంది. మా ఆవిడ అందులో 'రా' కనిపిస్తోందంటుంది, నాకైతే సున్నా తప్ప ఇంకేమీ కనపడదు.

కబురు చెప్పగానే మా ఆవిడ పొయ్యి కట్టేసి వచ్చి ముందు గదిలో కూర్చుంది. "అయ్యో, అన్నయ్యగారు," అంది. కొంచెంసేపు కళ్లు తుడుచుకుంది. నాకు మాత్రం ఏడుపు రాలేదు. పైగా గుండెల్లో ఏదో తేలికైనట్టయింది. మనిషి పోయాడని విని తేలికపడటమేమిటని సిగ్గేసింది కూడా. ఏం చేయను, ఆయన తలపుకొస్తే నాకు ముందుగా వచ్చేది ఆ 'హమ్మయ్యే'.

మనిషి సన్నగా, పొడుగ్గా ఉండేవాడు. చొక్కా ఎప్పుడూ బయటికే. జేబులో సోంపు. చేతిలో నల్ల గొడుగు, ఎండాకాలమూ వానాకాలమూ తేడా లేకుండా. దాన్ని విప్పగా మాత్రం మేము చూడలేదు. నేల మీద గీతలు గీయడానికీ, దూరంగా ఉన్న హద్దురాళ్ల కడీలు చూపడానికీ, కుక్కల్ని అదిలించడానికీ వాడేవాడు. ఒకసారి వాన పట్టుకుంటే మేమంతా చెట్టు కిందికి పరిగెత్తాం. ఆయన గొడుగు చంకలో పెట్టుకుని తడుస్తూ వచ్చాడు. "విప్పరేమండీ?" అంటే, "ఛత్రి తడుస్తది గదన్నా," అన్నాడు. నవ్వుతున్నాడేమోనని మొహంలోకి చూశాను. నవ్వడం లేదు.

ఇంకొకటి విమానాల సంగతి. మా ఇళ్ల మీదుగానే అవి కిందికి దిగుతాయి. కొత్తగా వచ్చినవాళ్లు గొంతు పెంచి అరుస్తారు, మాబోటివాళ్లం సైగలు చేసుకుంటాం. ఆయన మాత్రం మాటను ఎక్కడ ఉంటే అక్కడ ఆపేసేవాడు. "ఈ రాయికెళ్లి ఆ..." అని నోరు తెరిచినవాడు తెరిచినట్టే నిలబడి, మోత పోయాక "...రాయి దాకా" అని అందుకునేవాడు. మా ఆవిడ ఆయన్ని చూసే ఆ అలవాటు నేర్చుకుంది. ఇప్పుడు నన్ను తిడుతూ తిడుతూ మధ్యలో ఆపి, విమానం వెళ్లాక మిగతాది తిడుతుంది.

ఆయనతో మాకు పని పడిన కథ ఇది.

మా ఇంటికీ యాదమ్మ మడికీ మధ్య ఉన్నది పాతకాలపు బండ్ల బాట. ఊరు మున్సిపాలిటీలో కలిశాక ఆ బాటను సిమెంటు రోడ్డు చేస్తామన్నారు. సంతోషించాం. వానాకాలంలో స్కూటరు బురదలో దిగబడి నేను పడ్డ పాట్లు ఇన్నీ అన్నీ కావు. తీరా చూస్తే ఒకరోజు మున్సిపాలిటీ వాళ్లు వచ్చి, మా ఇంటి గోడ మీద ఎర్ర రంగుతో పెద్ద ఇంటూ గుర్తు వేసి, నోటీసు చేతిలో పెట్టి వెళ్లారు. మా ఇల్లు బాటను ఆక్రమించిందట. ముందు భాగం తీసెయ్యాలట.

ఇల్లు కట్టి చూడు అన్నారు గానీ, కట్టిన ఇంటిని కొట్టేస్తామంటే ఎలా ఉంటుందో ఎవరూ చెప్పలేదు. ఆ రంగు ఆరకముందే నేను పరుగందుకున్నాను. మున్సిపాలిటీకి వెళితే "మాదేముందండీ, రెవెన్యూ వాళ్ల నక్షా ప్రకారమే వేశాం" అన్నారు. రెవెన్యూ వాళ్ల దగ్గరికి వెళితే "నోటీసు ఇచ్చినోళ్లనే అడుగుండ్రి" అన్నారు. కాగితాలన్నీ సక్రమంగా ఉన్నవాడికి గొంతు లేస్తుంది కదా, నాకూ లేచింది. ఇద్దరి మీదా అరిచాను. ఆ అరుపులకు విసిగి ఎవరో జాలిపడి, రెండు ఆఫీసుల వాళ్లనూ కలిపి కొలిపించుకోమని సలహా ఇచ్చారు.

అలా తహసీల్దారు ఆఫీసు వరండాలో మొదటిసారి ఆయన్ని చూశాను. నేను కాగితాల సంచీ విప్పబోతే గొడుగుతో అడ్డం పెట్టాడు.

"కాయితాలు తర్వాత చూస్త. ఇంట్ల అందరు అన్నం తింటున్నరా?"

నాకు ఒళ్లు మండింది. "అన్నం సంగతి ఇప్పుడెందుకండీ?"

"అన్నం తిననోడు టేపు పట్టుకుంటే చెయ్యి వణుకుతదన్నా. కొలత ఖరాబైతది. తిని రా. రేపు మోకా మీద చూద్దాం."

మోకా మీద అంటే ఆ నేల మీదే, కళ్లెదుట అని. ఇక్కడి వాళ్లందరూ అనే మాటే అది. నేను ఇంటికొచ్చి, "పిచ్చివాడు దొరికాడే, మన పని అయిపోయింది," అన్నాను మా ఆవిడతో. ఆమె మాత్రం ఆ పూట పప్పుచారు కాచింది. నోటీసు వచ్చిన తర్వాత మేము కూర్చుని తిన్న మొదటి అన్నం అదే.

మర్నాడు వచ్చాడు. వెంట మున్సిపాలిటీ తరఫున నల్లకళ్లద్దాల మనిషి ఒకాయన వచ్చాడు. యాదమ్మ, ఆమె భర్త మల్లేశు, ఊరి పెద్దలు కొందరు చేరారు. సారు పని మొదలుపెట్టే పద్ధతే వేరు. ముందు అందరినీ ఎండలో నిలబెట్టి, "ఎవరి నోట్లనన్న అబద్ధముంటే ఇప్పుడే ఉమ్మేయుండ్రి. కొలిచినంక మింగలేరు, కక్కలేరు," అన్నాడు. అందరూ నవ్వారు. మల్లేశు నిజంగానే పక్కకు తిరిగి ఉమ్మాడు, వాడి నోట్లో ఉన్నది పాన్ అనుకోండి.

తర్వాత టేపు తీశాడు. ఇంటి వైపు కొస నేను అందుకోబోయాను. ఆయన నా చెయ్యి తప్పించి, దాన్ని కళ్లద్దాల మనిషికిచ్చాడు. రోడ్డు వైపు కొస నా చేతిలో పెట్టాడు.

"ఇదేందండీ?"

"ఎవరి గెట్టు వాళ్లు పట్టుకుంటే చెయ్యి గుంజుతదన్నా. అనుకోకున్నా గుంజుతది. పక్కోని గెట్టు పట్టుకుంటే సక్కగ ఉంటది."

నేలకూ నేలకూ మధ్య హద్దును ఇక్కడ గెట్టు అంటారు. ఈ చుట్టుపక్కల గెట్టు పంచాయితీ లేని ఇల్లు లేదు. విమానాశ్రయం వచ్చాక మూరెడు నేలకు కూడా మొనగాళ్లు పుట్టుకొచ్చారు. ఆయన మాత్రం ఏ పంచాయితీలోనైనా ఇలా టేపు కొసలు మార్చి ఇచ్చేవాడట. అన్నదమ్ములైనా అంతే, సర్కారైనా అంతే. నా చేతిలో మున్సిపాలిటీ వాళ్ల రోడ్డు కొస ఉంటే, నిజంగానే నేను దాన్ని అంగుళం కూడా కదపకుండా పట్టుకున్నాను. పరాయి సొమ్ము మీద మనకుండే జాగ్రత్త మన సొమ్ము మీద ఉండదు.

బాటకు ఒక చివర మూడు ఊళ్ల పొలాలు కలిసే చోట ఒక పాత రాయి ఉంది. కొలత దాని దగ్గర్నుంచే మొదలవ్వాలి. సరిచూసుకోవడానికి ఇంకో రాయి ఉండేదట గానీ అది ఎప్పుడో పెద్ద రోడ్డు కింద కలిసిపోయింది. ఉన్న ఒక్క రాయికీ నిండా పసుపు, కుంకుమ, వేపమండలు. ఊరి వాళ్లకు ఆవిడ పోచమ్మ. చిన్న గద్దె కట్టి, టైల్స్ వేసి, బోనాలు చేస్తారు. ఆయన చెప్పులు విడిచి, దండం పెట్టుకుని, ఆ గద్దె నడుమ నుంచి టేపు పట్టించాడు. నక్షా పటం చూసుకుంటూ, సున్నప్పొడి పోస్తూ, మా ఇంటి దాకా వచ్చాడు.

సున్నపు గీత తిన్నగా వచ్చి మా గోడకు తగిలింది. ఆయన ఆగి, "చెల్లె, జర లోపలికి రావచ్చా?" అని మా ఆవిడను అడిగాడు. కాళ్లు కడుక్కుని మరీ వచ్చాడు. ముందు గది సగంలో, సోఫాకూ టీవీకీ మధ్య, గొడుగు మొన నేలకానించి నిలబడ్డాడు.

"ఈడి దాకా బాటనే," అన్నాడు. గొంతు చాలా మెల్లగా ఉంది.

మా ఆవిడ ఆ గొడుగు మొన వైపే చూస్తూ ఉండిపోయింది. బయట కళ్లద్దాల మనిషి అప్పటికే పంచనామా రాయించేస్తున్నాడు. సారు సంతకం పెట్టాడు. వెళ్తూ వెళ్తూ నా భుజం మీద చెయ్యి వేశాడు గానీ, నేను దులిపేసుకున్నాను. ఆ చేతిని నరికెయ్యాలనిపించింది, నిజం చెప్తున్నాను.

ఆ తర్వాతి రోజులు ఎలా గడిచాయో చెప్పలేను. గీతకు బాట వైపున్న సామాను ఒక్కొక్కటే వెనక గదిలోకి చేరింది. నేను ఫ్యాక్టరీలో కూర్చుని కూడికలకు బదులు తీసివేతలు చేశాను. మా ఆవిడకు నాలా అరవడం రాదు, మొక్కుకోవడం వచ్చు. ఇల్లు నిలబడితే ఆ గద్దె మీది అమ్మవారికి చీర పెడతానని మొక్కుకుంది. ఆ మాటే, కూర ఇవ్వడానికి వచ్చిన యాదమ్మతో అంది.

యాదమ్మ చేతిలోని కట్ట చేతిలోనే ఆగిపోయిందట. "మొక్కు అక్కా, మంచిదే. కానీ అమ్మ మీద మాత్రం కోపం పెట్టుకోకు. ఆమెది తప్పు కాదు. ఆమెను ఈడికి తెచ్చింది మేమే."

"తెచ్చారా? ఎక్కడి నుంచి?"

అప్పుడు చెప్పింది. మేము ఈ ఊరికి రాకముందు పైపుల కోసం జేసీబీ తవ్వుకుంటూ వస్తుంటే, అమ్మకు దెబ్బ తగులుతుందని ఊరంతా కలిసి, డప్పులు కొట్టి, కల్లు సాకగా ధారపోసి, రాయిని లేపి పది పన్నెండు అడుగులు ఇటు జరిపి గద్దె కట్టారట. ఇక ఎన్నడూ నిన్ను కదపబోమని మొక్కుకున్నారట. ఆ సంగతి సర్కారు వాళ్ల చెవిన పడితే మళ్లీ లేపి పాత చోట పెట్టమంటారని ఊరంతా నోరు మూసుకుంది.

ఇంకొక సంగతీ ఉంది. అది యాదమ్మ చెప్పలేదు, మాకే తట్టింది. బాట మా వైపు జరిగినంత మేరా అవతల యాదమ్మ వాళ్ల మడికి నేల కలిసొస్తుంది. నోరు మూసుకుని ఉంటే చాలు, వాళ్ల పాలకూర పది పన్నెండు అడుగులు ముందుకొచ్చేది.

నేను స్కూటరు తీశాను. ఆయన కొత్వాల్‌గూడ వైపు ఎవరిదో పొలం కొలుస్తున్నాడని తెలిసింది. దారి పొడుగునా ఆయనతో పోట్లాడుతూనే వెళ్లాను, మనసులో. ప్రభుత్వోద్యోగి ఒకసారి సంతకం పెట్టాక తప్పయిందని ఒప్పుకోవడం నేను నా జన్మలో చూడలేదు. 'పై వాళ్లకు అర్జీ పెట్టుకో' అంటాడనీ, 'దేవుళ్ల సంగతి నాకెందుకు' అంటాడనీ, దేనికి ఏం జవాబివ్వాలో అన్నీ సిద్ధం చేసుకున్నాను.

రాయిని జరిపిన సంగతి చెప్పాను. నెత్తి మీద విమానం వెళ్తోంది. ఆయన ఎప్పటిలాగే ఆగాడు. మోత పోయాక టేపు చుట్టేశాడు. మొహం వాడిపోయింది. చివరికి ఒక్కటే అడిగాడు.

"చెల్లె అన్నం తింటుందా?"

నేను సిద్ధం చేసుకున్న జవాబుల్లో దీనికి జవాబు లేదు. "లేదండీ," అన్నాను.

ఆయన అక్కడి రైతుల వైపు తిరిగి, "అన్నలు, జర మాఫ్ చేయుండ్రి. పొద్దుగూకక ముందే వస్త," అని చెప్పి నా స్కూటరు వెనక ఎక్కాడు. దారంతా గొడుగు నా వీపులో గుచ్చుకుంటూనే ఉంది.

గద్దె దగ్గర దిగి చెప్పులు విడిచాడు. ఊళ్లో పెద్దదైన మల్లేశు తల్లి ముందు చేతులు కట్టుకుని, "అవ్వా, అమ్మ తల మీద చెయ్యి పెట్టొచ్చా?" అని అడిగాడు. ఆమె సరేనంది. బొటనవేలితో రాయి నెత్తిన పసుపును మెల్లగా తడిమాడు. పసుపు పొరల కింద, వెనకటి సర్వే వాళ్లు చెక్కిన ప్లస్ గుర్తు. ఆయన అక్కడే గొంతుక్కూర్చుని, "ఏమే తల్లీ, నువ్వు యాడికెళ్లి వచ్చినవే? నాతోటి ఒక్క మాట చెప్పొద్దా?" అన్నాడు, సొంత అక్కను అడిగినట్టు.

ఊరి వాళ్లు చేరారు. ఎవరూ నోరు విప్పరు. యాదమ్మే ముందుకొచ్చి, "గీడ ఉండె సారూ," అని పాత చోటు చూపించింది. మల్లేశు పళ్లు నూరాడు. "నీకు నోరు ఊకుండదా? మనకొచ్చే జాగ పోగొడ్తవా?"

"అమ్మ ముంగట అబద్ధమాడి, ఆ జాగల పండిన కూర నేను అమ్మలేను. కావాలంటే నువ్వే పోయి అమ్ముకో, ఏ అంగట్ల కూసుంటవో కూసో," అంది యాదమ్మ. మల్లేశుకు అంగడిలో కూర్చోవడమంటే చావుతో సమానం. నోరు మూశాడు.

అక్కడ తవ్వారు. పాత రోజుల్లో హద్దు రాయి పాతేటప్పుడు గుంటలో బొగ్గులు పోసేవారట. రాయిని ఎవరైనా పెరికేసినా, బొగ్గు మట్టిలో కుళ్లదు గనక చోటు తెలుస్తుందని. మూరెడు లోతు పోయేసరికి నల్లగా తేలాయి. ఆయన ఒక బొగ్గుముక్క తీసి అరచేతిలో పెట్టుకుని అందరికీ చూపించాడు. నా ప్రాణం లేచొచ్చింది. మా ఆవిడ కోసం చూస్తే, ఆమె అప్పటికే అమ్మవారి ముందు కూలబడి ఏడుస్తోంది.

కళ్లద్దాల మనిషిని పిలిపించారు. వస్తూనే ఆయన చిటపటలాడాడు.

"ఒకసారి రాసినంక ఎట్ల మారుస్తరు సార్? పైనోళ్లకు నేనేం జవాబు చెప్పాలె?"

"నా పేరు చెప్పు," అన్నాడు సారు. "తప్పు నాది. పసుపు కుంకుమ కనబడ్తనే ఉన్నది. కొత్త టైల్సు కనబడ్తనే ఉన్నవి. ఊరి చెయ్యి పడ్డ రాయి అని అడగాలె గదా, అడగలే. రాసుకో. తప్పు చేసినోని పేరు చెప్తే పైనోళ్లు ఇగ ఏం అడుగరు."

అందరి ముందూ అన్నాడు, అంత గట్టిగా. పంచనామా మీద తన రాత తానే కొట్టేసి, పక్కన కారణం రాసి, మళ్లీ ఆ కోడి కెలికిన సంతకం పెట్టాడు. చిన్నబోయినట్టు లేడు. కాలిలో ముల్లు తీయించుకున్నవాడిలా ఉన్నాడు. నాకు ఆ క్షణంలో ఆయన కాళ్లు పట్టుకోవాలనిపించింది. అంతకుముందు ఆ చెయ్యి నరకాలనుకున్నది కూడా నేనే.

మల్లేశు తల్లి భయం భయంగా అడిగింది. "అయితే అమ్మను మళ్ల లేపుతరా బిడ్డా?"

"ఎందుకు లేపుతం అవ్వా? ఆమె ఈడనే ఉంటది. ఆమె పాత జాగల కొత్త రాయి పాతుదాం. ఇగ మీ బాంచెన్, దానికి మాత్రం పసుపు పెట్టకుండ్రి. నా తర్వాత వచ్చేటోడు ఆగమైతడు."

సరే సరేనని అందరూ తలూపారు. ఆ ఏడు బోనాలకు కొత్త రాయి మీద చిన్న కుంకుమ బొట్టు ఉంది. ఎవరు పెట్టారంటే ఎవరూ చెప్పరు. మా ఆవిడ మీద నాకు అనుమానం.

కొత్త రాయి నుంచి మళ్లీ కొలిచారు. టేపు కొసలు మళ్లీ తారుమారు. సున్నపు గీత ఈసారి మా ఇంటి గోడను తాకకుండా, బయటి నుంచే వెళ్లిపోయింది. గోడ మొత్తం మాదే. గది మొత్తం మాదే. గోడకు ఆనించి నేను మోజుపడి వేయించుకున్న అరుగు ఉంది, సాయంత్రాలు కూర్చోవడానికి. దాని ముందు సగం మాత్రం గీత దాటి బాటలోకి వెళ్లింది. సారు నా వైపు చూసి తల గోక్కున్నాడు.

"ఇది మాత్రం వాళ్లదే అన్నా. సగం తీసెయ్యాలె."

"తీసేస్తానండీ! ఈ క్షణమే తీసేస్తాను!" అన్నాను. గది పోతుందనుకున్నవాడికి అరుగు సగం పోతే ఒక లెక్కా? కళ్లద్దాల మనిషి కూడా కళ్లద్దాలు తీసి నవ్వాడు. మనిషి కళ్లు మంచివే, అన్నాళ్లూ కనపడలేదంతే. యాదమ్మ మడి ఎక్కడున్నది అక్కడే ఉంది. పెరగలేదు, తరగలేదు. మల్లేశు నాతో కొన్నాళ్లు మాట్లాడలేదు. తర్వాత వాడే వచ్చి గడ్డపార కావాలా అని అడిగాడు.

ఆ గడ్డపారతోనే మొదలుపెట్టాను. కూలీని పెడదామని మా ఆవిడ అంటే వినలేదు. నా జీవితంలో అంత ఆనందంగా ఏ పనీ చేయలేదు. లెక్కలు చూసేవాడి చేతులు, రెండు పోట్లకే బొబ్బలెక్కాయి. అయినా ఆపబుద్ధి కాలేదు. ఒక్కో పెచ్చు ఊడుతుంటే అన్నాళ్ల భయమూ ఊడి పడుతున్నట్టుంది. బనీను చెమటతో తడిసి, నోటికొచ్చిన పాట పాడుకుంటూ, పొడుస్తూనే ఉన్నాను.

బాట మీద ఎవరిదో బండి ఆగింది. ఎక్కడికో పోతూ ఆగిన సారు. "ఓ అన్నా! ఆగు, ఆగు! ఏం చేస్తున్నవ్?"

"తీసేస్తున్నానండీ, మీరు చెప్పిందే."

"నేను చెప్పింది ఎప్పుడో అయిపాయె. గీత దాటినవ్. గిప్పుడు నువ్వు పలగ్గొడ్తున్నది నీ జాగలది."

చూసుకున్నాను. నిజమే. బాటలో ఉన్న సగం ఎప్పుడో పోయింది, నేను నా సగాన్ని పొడుచుకుంటున్నాను. గడ్డపార చేతిలోంచి జారింది. ఇన్నాళ్లూ ఇది నాదండీ, నాదండీ అని ఆఫీసుల చుట్టూ తిరిగి నేను అరవడమే గానీ, సర్కారు మనిషి నోటి వెంట ఆ మాట రాగా నేను వినలేదు. ఉన్న అరుగు ముక్క మీద కూర్చుండిపోయాను. కళ్లలో నీళ్లు, దుమ్ము, చెమట అన్నీ కలిసిపోయాయి.

"సార్, ఇంకోసారి చెప్పండి," అన్నాను.

ఆయన బండి దిగలేదు. నన్ను వింతగా చూసి, తర్వాత అర్థమైనట్టు నవ్వాడు.

"నీదే అన్నా," అన్నాడు. "నీదే."